బాలబుద్ధి వికాసం – పెద్దల వాక్కు

(మన దేవస్థానం కల్యాణమండపంలో జరిగిన మాసిక ధార్మిక సభలో ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు చేసిన ప్రసంగానికి అక్షరరూపం)





‘పిల్లలకు భక్తిని నేర్పడం ఎట్లా?’ అన్న అంశంపై మాట్లాడవలసిందిగా నన్ను ఆదేశించారు. 34 సంవత్సరాలు ప్రాథమిక పాఠశాలలో అక్షరాలు దిద్దించిన వాడిని కనుక ఈ అర్హత నాకున్నదని వారు భావించి ఉంటారు. అయితే నేర్పడం గురించి చెప్పుకునే ముందు, నేర్చుకునే ఆ పసిబుద్ధి ఏ విధంగా ఎదుగుతున్నదో తెలుసుకోవలసి ఉన్నది. ఆ సంగతి నాకు పాఠశాలలో కంటే మా ఇంటిలో, నా తప్పు వలన, ఎక్కువగా తెలిసివచ్చింది. ముందుగా దానినే మీ ఎదుట నివేదించుకుంటాను.

కొన్నేండ్ల క్రిందట మా ఇంట వినాయకచవితి నాడు జరిగిన సంగతి ఇది. నైవేద్యానికి ఉండ్రాళ్ళు సిద్ధం చేసి పళ్ళెంలో పెట్టారు. అప్పటికి అయిదేండ్లు నిండిన మా మనుమడు ఎవరూ చూడని వేళ ఒకటి తీసి నోట వేసుకున్నాడు. నేను చూశాను. “దేవుడికి పెట్టకముందే తింటే కళ్ళు పోతాయిరా!” అన్నాను. మన ఇండ్లలో తరతరాలుగా వినబడుతున్న మాటే అది. మా తాతగారు నాతో అన్నారు, నేను వాడితో అన్నాను. వాడు నమలడం ఆపి నా ముఖంలోకి చూశాడు. నేను పూజలో నిమగ్నుడనైపోయాను.

రెండు వారాల తరువాత నా అర్ధాంగికి శుక్లం తీసే శస్త్రచికిత్స జరిగింది. ఆమె కంటికి కట్టుతో ఇంటికి వచ్చింది. మరునాడు కట్టు విప్పి నల్లద్దాలు పెట్టారు. నాన్నమ్మ ప్రక్కన తప్ప నిద్రపోని పిల్లవాడు ఆమె గది గడప దాటి లోపలికి రాలేదు. అన్నం ముద్ద మింగలేదు. జ్వరం తగిలిందేమోనని నుదురు తాకి చూశాము. మూడవ నాటి రాత్రి నా ప్రక్కన పడుకుని, చీకటిలో మెల్లగా అడిగాడు: “తాతయ్యా! ఉండ్రాళ్ళు తిన్నది నేను కదా. మరి నాన్నమ్మ కళ్ళెందుకు పోయాయి?”

బంధువులారా! ఆ ప్రశ్న విన్నప్పుడు నా నోట మాట రాలేదు. అది అమాయకత్వమని నవ్వి ఊరుకోవచ్చును. కానీ కొంచెం నిలిచి ఆలోచించండి. ఆ ప్రశ్నలో తర్కం ఉన్నది. పెద్దల మాట అసత్యం కాదన్న విశ్వాసం ఉన్నది. ఒకదాని వెంట ఒకటి జరిగితే మొదటిది రెండవదానికి కారణమన్న నిశ్చయం ఉన్నది. లోకంలో ఏది జరిగినా అది తన వలననే జరిగిందన్న భావం ఉన్నది. ఈ మూడూ ఆ వయస్సుకు సహజమైనవి. వాడు ఆలోచించలేక బాధపడలేదు. తన వయస్సుకు తగినట్లు ఆలోచించి బాధపడ్డాడు. ఆ విషయం తెలియని వాడిని నేనే.

పిల్లల ఆలోచన పెద్దల ఆలోచనకు చిన్న నమూనా కాదనీ, దాని స్వరూపమే వేరనీ ఆధునిక కాలంలో విస్తారంగా నిరూపించిన వారిలో అగ్రగణ్యుడు స్విట్జర్లాండు దేశీయుడైన జాఁ పియాజే. ఆయన 1896లో జన్మించి 1980లో పరమపదించారు. తొలుత నత్తలను పరిశీలించిన జీవశాస్త్రజ్ఞుడు. యౌవనంలో పారిస్ నగరంలో పిల్లల బుద్ధిపరీక్షలను దిద్దే పని చేస్తూ ఒక విశేషాన్ని గమనించారు. ఒకే వయస్సు పిల్లలు చేసే తప్పులు ఒకే తీరున ఉంటున్నవి. సరియైన సమాధానాలను లెక్కించడం మాని, ఆ తప్పులెందుకు వస్తున్నవో అని ఆయన విచారించసాగారు. తన ముగ్గురు బిడ్డలను పసితనం నుండి నిశితంగా గమనించి గ్రంథాలు రచించారు. బుద్ధి వికాసంలో నాలుగు మెట్లున్నవని ఆయన ప్రతిపాదించారు.

మొదటి మెట్టు పుట్టినది మొదలు సుమారు రెండేండ్ల వరకు. ఈ దశలో బిడ్డకు చేతులే బుద్ధి, నోరే పరిశోధనశాల. ఆరు నెలల పసికందు ఆడుకుంటున్న గిలక్కాయపై తుండుగుడ్డ కప్పండి. ఆ వస్తువు లేనట్లే చూపు తిప్పుకుంటుంది. ఎనిమిది, తొమ్మిది నెలలు వచ్చేసరికి గుడ్డను లాగి గిలక్కాయను అందుకుంటుంది. ‘కంటికి కనబడకపోయినా ఉన్నది’ అన్న జ్ఞానం మానవునికి ఉయ్యాలలోనే మొదలవుతున్నదన్నమాట.

రెండవ మెట్టు రెండేండ్ల నుండి సుమారు ఏడేండ్ల వరకు. మాట వస్తుంది, ఊహ వికసిస్తుంది. కర్రపుల్ల గుర్రమవుతుంది. బస్సులో కూర్చున్న బిడ్డ, “చందమామ మనతో పాటే వస్తున్నాడు” అంటుంది. ఈ వయస్సు పిల్లల ఎదుట ఒకే కొలతగల రెండు గ్లాసులలో సమానంగా మజ్జిగ పోయండి. రెండూ సమానమేనని ఒప్పుకుంటారు. వారు చూస్తుండగానే ఒక గ్లాసులోని మజ్జిగను సన్నని పొడవైన గ్లాసులోకి మార్చండి. “దీనిలోనే ఎక్కువ ఉన్నది” అంటారు. ఎత్తును చూసిన బుద్ధి వెడల్పును లెక్కలోనికి తీసుకోలేదు. అన్నదానపంక్తిలో అన్నదమ్ములిద్దరు ‘వాడికే ఎక్కువ పోశారు’ అని ఏడిస్తే అది ఎల్లప్పుడూ పేచీ కాదు. వారికి నిజంగానే అట్లా కనబడుతున్నది.

ఏడేండ్ల నుండి పదకొండేండ్ల వరకు మూడవ మెట్టు. ఇప్పుడు అదే పిల్లవాడు, “తిరిగి పాత గ్లాసులో పోస్తే సమానమే కదా!” అని మనకే చెబుతాడు. అయితే వాని ఆలోచనకు కంటి ఎదుట వస్తువో, తెలిసిన సంఘటనో ఆధారంగా ఉండాలి. పదకొండు, పన్నెండేండ్ల నుండి ఆరంభమయ్యే నాల్గవ మెట్టులో ఆ ఆధారం లేకుండా, ‘ఒకవేళ ఇట్లా అయితే’ అని ఊహించి విచారించే శక్తి కలుగుతుంది. ధర్మమంటే ఏమిటి, న్యాయమంటే ఏమిటి అన్న ప్రశ్నలకు అర్థం తెలిసేది అప్పుడే.

పియాజే 1932లో వెలువరించిన గ్రంథం పిల్లల నీతివిచారణను గురించినది. అందులో ఆయన పిల్లలకు వినిపించిన కథలున్నవి. ఒక బాలుడు భోజనానికి వస్తూ తలుపు తెరిచాడు. తలుపు వెనుక ఉన్న సంగతి తెలియక 15 కప్పులు పగిలిపోయినవి. మరొక బాలుడు తల్లి లేని వేళ జామ్ దొంగిలించబోయి ఒకే కప్పు పగులగొట్టాడు. ఎవరి తప్పు పెద్దది? చిన్నపిల్లలలో అనేకులు 15 కప్పులు పగులగొట్టిన వాడిదే అన్నారు. ఉద్దేశాన్ని కాక నష్టాన్ని చూశారు. పెద్దపిల్లలు ఉద్దేశాన్ని చూశారు.

మరొక కథ నా గుండెకు గుచ్చుకున్నది. తోటలో ఆపిల్ పండ్లు దొంగిలించిన పిల్లవాడు పారిపోతూ, శిథిలమైన వంతెన విరిగి నీటిలో పడ్డాడు. దొంగతనం చేయకపోయి ఉంటే వంతెన విరిగేదా? ఆరేండ్ల పిల్లలలో అత్యధికులు, దొంగిలించినందువల్లనే పడ్డాడన్నారు. వారి దృష్టిలో వంతెనకు కూడా తప్పొప్పులు తెలుసు. తప్పు చేసినవానిని లోకంలోని ప్రతి వస్తువూ శిక్షిస్తుంది. అటువంటి వయస్సులో ఉన్న పిల్లవానితోనే నేను ‘కళ్ళు పోతాయి’ అన్నాను. మనకు అది ఒక నానుడి. వానికి అది శాసనం.

ఇంతమాత్రాన, పియాజే చెప్పినదంతా తిరుగులేనిదని నేను చెప్పడం లేదు. తరువాతి పరిశోధకులు ఆయన మాటలను సవరించారు. మార్గరెట్ డొనాల్డ్‌సన్ 1978లో ప్రచురించిన గ్రంథంలో, ప్రశ్న అడిగే తీరు పిల్లలకు తెలిసిన లోకానికి తగినట్లుంటే వారు ఇంకా చిన్నవయస్సులోనే చక్కగా ఆలోచించగలరని చూపారు. దాచిన వస్తువు ఉన్నదన్న ఎరుక అయిదు నెలల పసికందులలోనే ఉన్నదనడానికి 1985లో రెనే బాయార్జాన్, ఆమె సహచరులు ఆధారాలు చూపారు. వయస్సుల గీతలు అటూ ఇటూ జరగవచ్చును. ఒక మెట్టు ఎక్కిన తరువాతనే మరొక మెట్టు అందుతుందన్న మూలభావం మాత్రం మనకు ఉపకరిస్తూనే ఉన్నది.

ఇదంతా విదేశీయుల విజ్ఞానమని మీలో కొందరికి తోచవచ్చును. మన మహాభారతంలో ఆదిపర్వంలోని మాండవ్య మహర్షి వృత్తాంతాన్ని స్మరించండి. ఆయన మౌనవ్రతంలో తపస్సు చేసుకుంటుండగా దొంగలు తమ సొత్తుతో వచ్చి ఆశ్రమంలో దాగారు. రాజభటులు అడిగిన దానికి ఆయన బదులు పలుకలేదు. దొంగలతో పాటు ఆయననూ పట్టుకుని కొరత వేశారు. తపోబలంతో జీవించి ఉన్న ఆ మహర్షి కాలాంతరంలో యమధర్మరాజును చేరి, ఏ పాపానికి ఈ శిక్ష అని నిలదీశారు. బాల్యంలో గడ్డిపోచతో పురుగులను గుచ్చిన పాపానికని యముడు బదులిచ్చాడు. తెలియని వయస్సులో చేసిన అల్పదోషానికి ఇంతటి దండనా అని మహర్షి ఆగ్రహించి, మానవుడవై పుట్టుమని యముని శపించారు. ఆ యమధర్మరాజే విదురుడై జన్మించాడు. పదునాలుగేండ్ల వయస్సు వరకు బాలురు చేసిన దానికి పాపం అంటదని మాండవ్యుడు ఆనాడే మర్యాద విధించారు.

ఎంత గొప్ప సన్నివేశమో చూడండి! బాల్యాన్ని గుర్తించని న్యాయం, యమధర్మరాజు చేసినదైనా, న్యాయం కాదని మన ఇతిహాసం తీర్పు చెప్పింది. నేటి శాసనమూ అదే మార్గంలో ఉన్నది. ఏడేండ్లలోపు బిడ్డ చేసిన ఏ పనీ నేరం కాదని 1860 నాటి భారతీయ శిక్షాస్మృతి నిర్దేశించింది. ఏడు నుండి పన్నెండేండ్లలోపు వారి విషయంలో, చేసిన పని స్వభావాన్ని, ఫలితాన్ని గ్రహించే పరిణతి ఉన్నదా లేదా అని విచారించవలెనన్నది. 2023లో వచ్చిన భారతీయ న్యాయసంహిత కూడా ఈ నియమాలను నిలుపుకున్నది. మహర్షి క్షమించిన వయస్సును, శాసనం క్షమించిన వయస్సును, తాతలమైన మనం దేవుని పేరు చెప్పి బెదిరిస్తున్నాము!

“అయ్యా, భయం లేకపోతే క్రమశిక్షణ ఎక్కడిది? భయభక్తులని పెద్దలు ఊరకే అన్నారా?” అని మీరడగవచ్చును. న్యాయమైన ప్రశ్నే. భయభక్తులలోని భయం, పూజ్యుల ఎదుట కలిగే వినయం. శిక్షకుడు పొంచి ఉన్నాడన్న దిగులు కాదు. నాడు నేను, “అతిథికి వడ్డించిన తరువాతే మనం తింటాము కదా! ఈ రోజు మన ఇంటికి వినాయకుడు వచ్చాడు. ముందు ఆయనకు పెట్టి, తరువాత నీకు రెండు పెడతాను” అని ఉంటే సరిపోయేది. అతిథి అంటే వాడికి తెలుసు. వాడికి తెలిసిన మెట్టు మీద నిలబడి చెయ్యి అందించడమంటే అదే.

ఈ చెయ్యి అందించడం గురించి విశేషంగా చెప్పినవారు రష్యాకు చెందిన లెవ్ వైగోట్‌స్కీ. పియాజే పుట్టిన 1896లోనే పుట్టి, క్షయవ్యాధితో 1934లో, 37 ఏండ్లకే కన్నుమూశారు. పిల్లవాడు ఈనాడు తానొక్కడే చేయగలిగినదానికి, తెలిసినవారి సహాయంతో చేయగలిగినదానికి మధ్యనున్న ప్రదేశమే విద్యకు అసలైన క్షేత్రమని ఆయన సిద్ధాంతం. ఆ సహాయంతో ఈనాడు చేసినదాన్ని రేపు తానే చేస్తాడు. అక్షరాభ్యాసం నాడు పలకపై బిడ్డ చేతిని పట్టుకుని దిద్దించే మన ఆచారంలో ఈ సూక్ష్మం కనబడుతున్నది. చెయ్యి బిడ్డదే. పట్టుమాత్రం పెద్దలది.

ఇక మా ఇంటి సంగతికి వస్తాను. ఆ రాత్రి వానికి, ‘శుక్లం వయస్సు వలన వస్తుంది, నీకు దానితో సంబంధం లేదు’ అని చెప్పి చూశాను. వాడు నమ్మలేదు. ఏండ్ల తరబడి పెరిగే జబ్బు అన్న ఊహ అయిదేండ్ల బుద్ధికి అందదు. తెల్లవారిన తరువాత నా కళ్ళద్దాలు తీసి, నోటి ఆవిరి పట్టించి వాని కళ్ళకు పెట్టాను. “ఏమైనా కనబడుతున్నదా?” అంటే, “మసకగా ఉంది” అన్నాడు. పంచె అంచుతో తుడిచి మళ్ళీ పెట్టాను. “ఇప్పుడు బాగుంది” అన్నాడు. “నాన్నమ్మ కంటిలోనూ మసక పట్టింది. డాక్టరుగారు తీసివేశారు. కళ్ళు పోలేదు, బాగుపడ్డాయి” అన్నాను. వాని చెయ్యి పట్టుకుని ఆమె గదిలోకి తీసుకువెళ్ళాను. ఆమె దూరం నుండే, “నీ చొక్కాకు పై గుండీ ఊడిపోయింది, రా నాన్నా, కుట్టిస్తాను” అన్నది. వాడు గుండీ తడుముకుని చూసుకుని, పరుగున వెళ్ళి ఆమె ఒడిలో ముఖం దాచుకున్నాడు.

తరువాత నేను వానితో ఇంకొక మాట కూడా అన్నాను. “నేను తప్పు చెప్పానురా. దేవుడు ఎవరి కళ్ళూ తీయడు.” 34 సంవత్సరాలు పాఠాలు చెప్పిన నాకు, పిల్లవాని ఎదుట ‘తప్పు చెప్పాను’ అనడానికి ఆనాడు ధైర్యం తెచ్చుకోవలసి వచ్చింది.

క్షేత్రానికి వచ్చిన తల్లిదండ్రులకు కొన్ని సూచనలు మనవి చేస్తాను.

తలనీలాలు సమర్పించే వేళ చిన్నపిల్లలు గుక్కపట్టి ఏడుస్తారు. జుట్టు మళ్ళీ పెరుగుతుందని రెండు, మూడేండ్ల బిడ్డకు తెలియదు. తన శరీరంలో ఒక భాగం పోతున్నదని భయపడుతుంది. కనుక వీలైతే ముందు తండ్రి గుండు చేయించుకుని, బిడ్డ చేత తన తల నిమిరించుకోవలెను. గతంలో గుండు చేయించుకుని జుట్టు పెరిగిన అన్ననో అక్కనో చూపవలెను.

రద్దీలో తప్పిపోయిన బిడ్డను, “మీ అమ్మ పేరేమిటి?” అని అడిగితే “అమ్మ” అంటుంది. ఆ బిడ్డకు తెలిసినంతలో అది సత్యమే. తాను ఎక్కడ ఉన్నదీ అమ్మకు తెలుసుననే అనుకోవచ్చును. అందువలన ఆలయప్రవేశానికి ముందే చిరునామా, ఫోను నంబరు వ్రాసిన కాగితాన్ని బిడ్డ జేబులో ఉంచండి.

పుట్టినరోజున పిల్లల పేరిట అన్నదానం చేయించే దాతలకు ఒక విన్నపం. రసీదు మీద పేరు మాత్రమే ఉంటే ఆ దానం పసిబుద్ధికి చేరదు. వీలున్నప్పుడు ఆ బిడ్డను తీసుకువచ్చి, ఒక్క విస్తరిలోనైనా స్వహస్తాలతో వడ్డింపజేయండి. ఎదుటివారి ఆకలి తీరడం కంటితో చూసిన బిడ్డకు దానమంటే ఏమిటో వేరుగా బోధించనక్కరలేదు.

“దేవుడు నైవేద్యం తింటాడా? తింటే తగ్గలేదేం?” అని పిల్లలు అడుగుతారు. నోరుమూసుకోమనకండి. మూడేండ్ల బిడ్డకు, ‘దేవుడికి చూపించి మనం తింటాము’ అన్నది చాలు. ఎనిమిదేండ్ల బాలునికి, ‘ఇచ్చినవారికి కృతజ్ఞత చెప్పి తినడం మర్యాద’ అని చెప్పవచ్చును. పన్నెండేండ్ల వానిని, ‘నీకేమనిపిస్తున్నది?’ అని తిరిగి అడగండి. వాడు చెప్పేది ఓపికగా వినండి.

ఈ విధానం మన ఉపనిషత్తులలోనిదే. తైత్తిరీయోపనిషత్తులో భృగువు తన తండ్రి వరుణుని సమీపించి బ్రహ్మమును బోధించుమని వేడుకున్నాడు. తండ్రి సమాధానం చేతికివ్వలేదు. మార్గం చూపి, తపించి తెలుసుకొమ్మన్నాడు. కుమారుడు అన్నమే బ్రహ్మమని గ్రహించి వచ్చాడు. తండ్రి పరిహసించలేదు, మళ్ళీ తపించుమన్నాడు. ప్రాణమన్నాడు, మనస్సన్నాడు, విజ్ఞానమన్నాడు. ప్రతిసారీ అదే ఆదరం, అదే మాట. చివరకు ఆనందమే బ్రహ్మమని తెలుసుకున్న కుమారుడు మరి అడగడానికి రాలేదు. అన్నమన్న నాడే, ‘ఇంత తెలివితక్కువవాడివా’ అని తండ్రి కసరి ఉంటే భృగువు ఆ మొదటి మెట్టు మీదనే నిలిచిపోయేవాడు.

మా మనుమడు ఇప్పుడు తొమ్మిదవ తరగతి చదువుతున్నాడు. నిరుడు చవితి నాడు వాని చెల్లెలు పళ్ళెం దగ్గరకు చెయ్యి చాపింది. నేను నోరు తెరవకముందే వాడు, “ఆగు చెల్లీ, చుట్టం ముందు తినాలి” అన్నాడు. కళ్ళ సంగతి వాడు ఎత్తలేదు. మరచిపోయాడో, మరచిపోలేక ఎత్తలేదో నేను అడగలేదు.

మన నోట వెలువడే ప్రతి మాటా ఏదో ఒక పసిమనస్సులో శాసనంగా నిలుస్తున్నదన్న ఎరుకను, ఆ మాటను సత్యంగా, మృదువుగా పలుకగల సంయమనాన్ని స్వామివారు మనకందరికీ అనుగ్రహించుగాక అని ప్రార్థిస్తున్నాను.

స్వస్తి.